ఉత్తరం వైపు వెలుతురు

కోర్టుకు వెళ్ళవలసిన రోజు కూడా గడియారాలు బాగుచేసే ఆయన కిటికీ అద్దాలు తుడవడం మానలేదు. ముందు తడిగుడ్డ, తరవాత పొడిగుడ్డ, చివరికి పాత వార్తాపత్రిక ఉండచుట్టి గుండ్రంగా నాలుగు చుట్లు. ఈ వరస భార్య నేర్పింది. పేపరుతో తుడిస్తే అద్దం లేనట్టే ఉంటుందనేది. ఒకసారి నిజంగానే అద్దం లేదనుకుని చెయ్యి బయటికి చాచి వేళ్ళు కొట్టుకుంది. రెండు రోజులు వాచిన వేళ్ళు చూపించి నవ్వింది.

కిటికీ ఉత్తరం వైపుకి ఉంది. దాని కిందే పని బల్ల. బల్ల మీద సైజుల వారీగా స్క్రూడ్రైవర్లు, పట్టకార్లు, నూనె చుక్క పెట్టే సూది, కంటికి తగిలించుకునే భూతద్దం. ఉత్తరపు కిటికీలోంచి ఎండ రాదు, వెలుతురే వస్తుంది. పొద్దున ఎలా ఉంటుందో సాయంత్రం దాకా దాదాపు అలాగే ఉంటుంది. ముప్ఫై ఏళ్ళ క్రితం ఈ ఇల్లు కొనడానికి చూసినప్పుడు ఆయన వంటగదిలోకి తొంగిచూడలేదు, నీళ్ళు ఎప్పుడొస్తాయని అడగలేదు. నేరుగా వచ్చి ఇక్కడ నిలబడి, జేబులోంచి ఒక చేతి గడియారం తీసి వెనక మూత విప్పాడు.

"ఇల్లు చూడ్డానికొచ్చారా, టైము చూడ్డానికొచ్చారా?" అంది భార్య.

అద్దంలోంచి పక్కింటి రేకుల కప్పు కనిపిస్తోంది. కప్పు మీద నాలుగు ఇనప ఊచలు నిటారుగా నిలబడి తుప్పు పట్టి ఉన్నాయి. ఏడాదిన్నర కిందట ఆ ఇంటి వడ్రంగి మేడ మీద గది వేద్దామని వాటిని నిలబెట్టాడు, ఈయన కోర్టుకెళ్ళాడు, పని అక్కడే ఆగిపోయింది. గది లేస్తే కిటికీకి ఎదురుగా గోడ వస్తుంది. రేకుల కింద రంపం కోత మొదలైంది. దాని వెనకే వడ్రంగి మనవరాలి దగ్గు. పొట్టు గాల్లో తిరిగే ఆ కొట్టు వెనక గదిలోనే కూతురూ అల్లుడూ పిల్లా ఉంటున్నారు.

ఆయన పేపరు ఉండని బుట్టలో వేసి చొక్కా మార్చుకున్నాడు.

కోర్టు వరండాలో లాయరమ్మ మెడ పట్టీ సరిచేసుకుంటూ కనిపించింది. ఆయన కూతురి వయసు ఉంటుందేమో, కూతురంటూ ఉండి ఉంటే.

"జడ్జిగారికి బదిలీ అయింది. వెళ్ళేలోపు ఈ కేసు తేల్చేస్తానన్నారు. ఇవాళ మీ సాక్ష్యం, రేపు ఆయనది. భయపడకండి."

"భయం లేదమ్మా. ఒక్కటే అర్థం కాలేదు. కిటికీ ఉంది, వెలుతురు వస్తోంది. అది కళ్ళున్న ఎవరికైనా కనిపిస్తుంది. దానికి ఇంత కాగితం ఎందుకు?"

ఆమె నవ్వింది. "కనిపించేది వేరు, హక్కు వేరు. పక్కవాళ్ళ స్థలం మీదుగా వచ్చే వెలుతురు మీ హక్కని కోర్టు ప్రకటించాలంటే ఇరవై ఏళ్ళు తెగకుండా వచ్చి ఉండాలి. అదీ, కేసు వేసిన రోజు నుంచి వెనక్కి లెక్కపెట్టి. మధ్యలో పక్కాయన ఏడాదికి పైగా అడ్డుపెట్టి, మీరు తెలిసీ ఊరుకున్నారనుకోండి, లెక్క తెగిపోతుంది. అలాంటిదేం లేదు కదా?"

"లేదు" అన్నాడాయన.

ఆ క్షణాన ఆయనకి నిజంగానే గుర్తు రాలేదు. అది అడ్డని ఆయన ఎన్నడూ అనుకోలేదు మరి.

బంట్రోతు "వాదీ! ప్రతివాదీ!" అని కేకేశాడు. లోపల గదిలో పంకా తిరిగిన ప్రతిసారీ ఒక చోట తట్టుకుంటోంది. బేరింగులో నూనె లేదు అనుకున్నాడాయన. బోనులోకి ఎక్కేటప్పుడు మెట్టు చూసుకోలేదు. బంట్రోతు మోచేయి పట్టుకుని ఆపి, ఏమీ జరగనట్టు తన చోటికి వెళ్ళి నిలబడ్డాడు.

వడ్రంగి అటు చివర బెంచీ మీద కూర్చున్నాడు. ఉతికిన చొక్కా వేసుకున్నాడు. చెవి మీద పెన్సిల్ మాత్రం తీయడం మరిచిపోయాడు.

ఎదుటి లాయరు లేచాడు. లావుపాటి మనిషి, మెత్తటి గొంతు.

"మీ ఇంట్లో కరెంటు దీపం ఉందా?"

"ఉందండీ."

"దాని కింద పని చేసుకోవచ్చుగా?"

"చేయొచ్చండీ. దీపం ఎటు పెట్టినా నా చేతి నీడ నా పని మీదే పడుతుంది. పైగా ఇత్తడి మీద మెరుపు కొట్టి, గీత ఏదో చక్రం పంటి అంచు ఏదో తెలీదు. గోడ గడియారాలైతే పర్లేదు. ఆడవాళ్ళ చేతి గడియారాలుంటాయి, వాటికి కుదరదు."

"సరే. ఆరేళ్ళ కిందట మీ కిటికీ మీద టార్పాలిన్ ఉండేదా?"

పంకా రెండుసార్లు తట్టుకుంది.

"ఉండేది."

"ఎన్నాళ్ళు?"

"పదిహేను నెలలు."

"ఎవరు కట్టారు?"

ఆయన వడ్రంగి వైపు చూశాడు. వడ్రంగి తన అరచేతుల్లోకి చూసుకుంటున్నాడు.

"ఆయనే."

"తన కప్పు మీద నుంచి, తన కొక్కేలకి. మీరు వద్దన్నారా?"

"వద్దని ఎందుకంటానండీ? అది..."

"అన్నారా, అనలేదా?"

"అనలేదు."

టైపిస్టు వేళ్ళు టకటకలాడాయి. లాయరమ్మ గబుక్కున లేచి, ఎందుకు కట్టారో చెప్పమంది. తన భార్య అడిగింది గనక అన్నాడాయన. చనిపోయిన మనిషి అన్న మాట సాక్ష్యం ఎలా అవుతుందని ఎదుటి లాయరు అభ్యంతరం చెప్పాడు. రాసుకుందాం, దాని బరువెంతో తరవాత చూద్దాం అన్నారు జడ్జిగారు.

సంతకం పెట్టే ముందు కాగితం చదువుకోమని ఇచ్చారు. *ప్రతివాది నా కిటికీని పదిహేను నెలలు కప్పి ఉంచాడు. నేను అభ్యంతరం చెప్పలేదు.* ఒక్క అక్షరం తప్పు లేదు. ఆయన రెండుసార్లు చదివాడు. ఆ పదిహేను నెలలూ బల్ల పక్కనే మంచం వేసుకుని పడుకున్న మనిషి కాగితం అడుగున ఒక్క ముక్కలో ఉంది: *భార్య కోరిక మేరకు అని సాక్షి అంటున్నాడు.*

అంటున్నాడట. ఆయన సంతకం పెట్టాడు.

బయటికొచ్చాక లాయరమ్మ కోపం దాచుకోలేదు. "ముందే చెప్పాల్సింది కదండీ! రేపు ఆయన బోనెక్కి, నా హక్కు కొద్దీ కప్పాను అంటే అయిపోయినట్టే. ఆల్రెడీ ప్రమాణ పత్రంలో అలాగే రాసిచ్చాడు, ఇప్పుడే చూపించారు."

"అలా రాశాడా?"

"సంతకం ఉంది."

ఆయన తలూపాడు. ఎండలో నడిచి ఇంటికి వచ్చాడు.

ఆ మధ్యాహ్నం పని సాగలేదు. ఒక గడియారం విప్పి, మరలు మూతలో పోసుకుని, తిరిగి బిగించేశాడు. ఆ పదిహేను నెలల్లో ఇక్కడ గోడ గడియారాలు తప్ప ఇంకేమీ తీసుకోలేదు. దీపం కింద వాటిని బాగుచేస్తుంటే ఆమె మంచం మీద నుంచి లోలకాల చప్పుడు వినేది. "ఎడమ పక్కది కుంటుతోంది" అనేది. చూస్తే నిజంగా కుంటుతూనే ఉండేది. జబ్బు కళ్ళకెక్కాక పక్కింటి రేకుల మీద పడి వచ్చే తళుకు ఆమెకి సూదుల్లా గుచ్చుకునేది. లోపల తెర కడితే ఆగలేదు. ఓ రోజు వడ్రంగి నిచ్చెన వేసుకుని రేకులెక్కాడు. లోపల్నుంచి ఈయన, బయట్నుంచి అతను, మధ్యలో ఆమె అజమాయిషీ.

"ఇంకొంచెం ఎడమకి, తమ్ముడూ."

"ఎవరి ఎడమకక్కా, నీ ఎడమకా నా ఎడమకా?"

"నువ్వు ఎటు తప్పు జరుపుతావో అటు వద్దు."

తలుపు దగ్గర అలికిడైంది. వడ్రంగి కూతురు, చంకలో పిల్లతో. గడప అవతలే నిలబడింది.

"మామయ్యా, లోపలికి రావచ్చా?"

"నీకు అడగాలా అమ్మా?"

ఆమె వచ్చి స్టూలు మీద కూర్చుంది. పిల్ల ఒకసారి దగ్గి, గోడ మీద గడియారాల వైపు వేలు చూపించింది. వాటిలో ఏ రెండూ ఒక టైము చూపించడం లేదు.

"గది నాకు కావాలి మామయ్యా. అబద్ధం చెప్పను. డాక్టరు పొట్టు తగలని చోట ఉంచమన్నాడు దీన్ని. బయట అద్దెకి వెళ్దామంటే మా ఆయన జీతం నీకు తెలుసు." పిల్లని ఒళ్ళో సర్దుకుని, "కానీ ఇవాళ నాన్న ఇంటికొచ్చాక ఆ పరదా సంగతి చెప్పాడు. అత్తయ్య కోసం కట్టినదాన్ని అలా ఎలా రాయించావని అడిగాను."

"ఏమన్నాడు?"

"చిత్రిక తీసుకుని బాగున్న పలకనే మళ్ళీ నున్నగా చేస్తున్నాడు. ఇందాకటి నుంచి అది సగం అయిపోయింది."

ఆయనకి నవ్వొచ్చింది. పిల్ల బల్ల మీది పట్టకారు అందుకోబోతే, దాని బదులు మోగని పెద్ద అలారం గడియారం చేతికిచ్చాడు. వెళ్ళేటప్పుడు కూడా అది తిరిగి తీసుకోలేదు.

మర్నాడు వడ్రంగి బోనెక్కాడు. ఈసారి చెవి మీద పెన్సిల్ లేదు. దాని చోట తడుముకుని చెయ్యి దించుకున్నాడు. ప్రమాణ పత్రంలోని సంతకం తనదేనని ఒప్పుకున్నాడు. అందులో ఉన్న మాటలు చదివి వినిపిస్తే తలూపలేదు, కాదనలేదు.

లాయరమ్మ ముందుకొచ్చింది. రాత్రికి రాత్రి ఏవేవో ప్రశ్నలు రాసుకొచ్చిన కాగితం చేతిలో ఉంది.

"వాది మీకు చుట్టమా?"

"కాదండీ."

"మరి మీరు ఆయన్ని ఏమని పిలుస్తారు?"

"ఇప్పుడైతే పిలవడం లేదండీ."

గదిలో ఎవరో నవ్వారు. జడ్జిగారు కళ్ళజోడు పైనుంచి చూశారు.

"అంతకుముందు?"

"బావా అనేవాణ్ణి. ఆమెని అక్కా అనేవాణ్ణి కదా, మరి ఈయన బావే అవుతాడు."

"టార్పాలిన్ మీదేనా?"

"నాదే. వర్షంలో చెక్కలు తడవకుండా కప్పేది."

"అది కిటికీ మీద కడితే వర్షాకాలంలో మీ చెక్కల సంగతి?"

వడ్రంగి ఇబ్బందిగా కదిలాడు. "తడిశాయండీ. కొన్ని వంకర్లు పోయాయి."

ఆమె కాగితం మడిచి కింద పెట్టేసింది. "దాన్ని ఎప్పుడు విప్పారు?"

"అక్క పోయిన రోజు."

"ఎవరు విప్పమన్నారు?"

"ఎవరూ అనలేదండీ. ఇక ఆమెకి కళ్ళు నొప్పి పుట్టవు కదా."

పంకా తట్టుకున్న చప్పుడు మళ్ళీ వినిపించింది. ఎదుటి లాయరు లేవబోయి, ఎందుకో కూర్చున్నాడు. జడ్జిగారే అడిగారు.

"హక్కు కొద్దీ కప్పానని ఈ పత్రంలో ఉందే?"

"అది లాయరుగారు రాశారండీ. కిటికీ ఎప్పుడన్నా మూసి ఉందా అని అడిగారు, ఫలానా అని చెప్పాను. ఆయన మొహం వెలిగిపోయింది. అప్పుడే అనుకున్నాను, ఇందులో ఏదో ఉందని. చదివితే సంతకం పెట్టలేనేమోనని చదవలేదు." చేతులు బోను కర్ర మీద పెట్టాడు. ఆ కర్ర అతుకు ఊడి ఉంటే బొటనవేలితో నొక్కి చూశాడు. "నాకు గది కావాలండీ. చాలా కావాలి. కానీ అది అక్క కోసం కట్టిందే. నా ఇంటికెందుకండీ పరదా?"

జడ్జిగారు నెమ్మదిగా చెబుతుంటే టైపిస్టు కొట్టింది. *వాది భార్యకు వెలుతురు పడనందున, ఆమె కోరగా, ఆమె సౌకర్యం కోసం నేను టార్పాలిన్ కట్టాను. ఆమె మరణించిన రోజున విప్పివేశాను.*

గడియారాలాయన తల వంచుకుని విన్నాడు. భార్య కాగితం మీదికి వచ్చింది, తన మాటతో కాదు, వడ్రంగి మాటతో.

నాలుగు రోజుల తరవాత తీర్పు చదివారు. అంతా కలిపి అయిదు నిమిషాలు పట్టలేదు. ఉత్తరపు కిటికీ ద్వారా ఇన్నేళ్ళుగా వస్తున్నంత వెలుతురు పొందే హక్కు వాదికి ఉన్నదని ఇందుమూలంగా ప్రకటించడమైనది. దాన్ని చెప్పుకోదగినంత తగ్గించే కట్టడం ఏదీ ప్రతివాది చేయరాదు. ఖర్చులు ఎవరివి వారు భరించుకోవాలి.

వరండాలో లాయరమ్మ మొహం విప్పారింది. "గెలిచారు!"

"ఎంత ఎత్తు దాకా కట్టుకోవచ్చో రాశారా అమ్మా?"

"అది రాయరండీ. కోర్టు మీకు కొత్తగా ఇచ్చిందేమీ లేదు. ఉన్నదాన్ని ఉందని చెప్పింది, అంతే. ఆయన ఎంతెత్తు లేపినా మీ వెలుతురు తగ్గకపోతే సరే. తగ్గితే మళ్ళీ కోర్టుకి రావచ్చు."

"మళ్ళీ రావచ్చు" అన్నాడాయన, ఆ మాట రుచి చూసినట్టు.

మెట్ల దగ్గర వడ్రంగి చెప్పులు తొడుక్కుంటున్నాడు. ఇద్దరూ ఒకే వీధికి వెళ్ళాలి. పది అడుగుల దూరంలో ఒకరి వెనక ఒకరు నడిచారు. వీధి మలుపులో ఆయన ఆగి నిలబడ్డాడు. వడ్రంగి కూడా ఆగక తప్పలేదు.

"ఊచలు ఊడబీకేస్తాలే" అన్నాడు వడ్రంగి, ఎటో చూస్తూ.

"ఎందుకు?"

"ఎందుకేమిటి? తీర్పు వినలేదా?"

"విన్నాను. చెప్పుకోదగినంత అన్నారు. ఎంతైతే చెప్పుకోవాలో నాకూ నీకూ తప్ప ఎవరికి తెలుసు? నీ దగ్గర ఆ వెడల్పు పలకలున్నాయా? గోడకి బదులు ఒక్కొక్కటే లేపి చూద్దాం."

వడ్రంగి కాసేపు అర్థం కానట్టు చూశాడు. తరవాత చెయ్యి చెవి మీదికి వెళ్ళింది. పెన్సిల్ ఉంది.

భోజనాలయ్యాక ఆయన బల్ల ముందు కూర్చుని భూతద్దం కంటికి బిగించుకున్నాడు. సొరుగులోంచి భార్య గడియారం తీసి వెనక మూత విప్పాడు. వేలి గోరంత యంత్రం. దాని ఒంటి మీద ఒక మూలన అయిదంకెల నంబరు చెక్కి ఉంటుంది. ఒకప్పుడు ఇలాంటివి చదివి పెట్టడం ఆమె పని. ఆయన కంటే ఆమె చూపు చురుకు. బల్ల అంచున మోచేతులానించి అంకెలు పాడినట్టు చెప్పేది.

అవతల రేకులు చప్పుడు చేశాయి. వడ్రంగి రెండు ఊచల మధ్య మొదటి పలక నిలబెట్టి తాడుతో బిగించాడు.

"ఒక్కో పలకా నాలుగు వరసల ఇటుక. కనిపిస్తోందా?"

"నాలుగు, సున్నా, ఏడు, మూడు, ఒకటి."

రెండో పలక లేచింది. "ఇప్పుడు?"

"నాలుగు, సున్నా, ఏడు, మూడు, ఒకటి."

మూడోది. ఇత్తడి పసుపు కొంచెం ముదిరింది. చదివాడు. నాలుగోది లేచేసరికి అంకెల అంచులు మెత్తబడ్డాయి. ఏడు ఒకటిలా ఉంది. వడ్రంగి కూతురు పిల్లనెత్తుకుని నిచ్చెన పక్కన నిలబడి పైకి చూస్తోంది. ఇంకొక్క పలక లేస్తే మనిషి తల తగలకుండా నిలబడే గది అవుతుంది. ఆ లెక్క వడ్రంగి ఏడాదిన్నర కిందటే వీధిలో నిలబడి అందరికీ చెప్పాడు.

అయిదో పలక లేచింది. బల్ల మీద సాయంత్రం అయినట్టయింది. యంత్రం మీద మూలన చిన్న గరుకు తప్ప ఏమీ లేదు.

"కనిపిస్తోందా?"

"నాలుగు, సున్నా, ఏడు, మూడు, ఒకటి" అన్నాడాయన. ఎక్కడా తడబడలేదు.

నిచ్చెన మెట్లు కిర్రుమన్నాయి. కాసేపటికి వీధి తలుపు తోసుకుని వడ్రంగి లోపలికి వచ్చాడు. ఏడాదిన్నర తరవాత మొదటిసారి. చుట్టూ చూడలేదు, మంచం ఉండే చోటు వైపు మాత్రం ఒకసారి చూశాడు. బల్ల దగ్గరికొచ్చి ఆయన చేతిలోని గడియారం తిప్పి చూసి, "అక్కది" అన్నాడు.

"ఆమెదే."

"ఇది నువ్వు చీకట్లో కూడా చదువుతావు."

వంకెకి వేలాడుతున్న గడియారాల్లోంచి ఒకటి తీసి ఆయన ముందు పెట్టాడు. నిన్ననే వచ్చింది, ఇంకా విప్పలేదు. "ఇది చదువు."

ఆయన మూత విప్పి వంగాడు. కిటికీ వైపు తిప్పాడు. ఇంకాస్త వంగాడు.

"మురికి పట్టి ఉంది."

"పట్టి ఉంటుంది పాపం, ఎవరూ తుడవలేదేమో" అన్నాడు వడ్రంగి. "అబద్ధం ఆడటం కూడా రాదు నీకు. కోర్టులో ఆడాల్సిన చోట ఆడలేదు, ఇప్పుడు నా మీద మొదలుపెట్టావా?"

"గదికి ఎత్తు చాలదు కదరా."

"ఎత్తు అటు వైపు ఉంటే చాలదా? కప్పు వాలుగా వేస్తా. వీధి వైపు లేపి, నీ వైపుకి దించుతా. పిల్ల అటు నిలబడి ఆడుకుంటుంది, ఇటు పడుకుంటుంది. పడుకున్న మనిషికి ఎత్తెందుకు?" తలుపు దగ్గర ఆగి, "ఏడాదిన్నర ముందు ఈ బుర్ర ఎక్కడ పెట్టుకున్నానో. నువ్వు నోటీసు పంపావు, నాకు ఒళ్ళు మండింది" అన్నాడు.

"నువ్వు ఊచలు పాతావు. నాకూ మండింది."

"అక్క ఉంటే ఇద్దర్నీ ఉతికి ఆరేసేది."

అతను వెళ్ళి అయిదో పలక విప్పాడు. తరవాత నాలుగోది. తీసిన పలక తీసినట్టు కూతురు కింద అందుకుని గోడకి ఆనించింది. వెలుతురు మెల్లగా బల్ల మీదికి దిగింది, ముందు పట్టకార్ల మీద, తరవాత వేళ్ళ మీద.

"ఇప్పుడు చదువు బావా!"

ఆయన తెలియని గడియారం మీదికి వంగాడు. అంకెలు ఒక్కొక్కటే లేచి నిలబడ్డాయి.

"ఆరు. రెండు. రెండు. తొమ్మిది." ఆగాడు. "చివరిది మూడో, ఎనిమిదో."

"ఇంకోటి దించుతా ఉండు."

"ఆగరా, తొందరపడకు." భూతద్దం తీసి, కన్ను తుడుచుకుని, మళ్ళీ పెట్టుకున్నాడు. బల్ల అంచున, ఆమె మోచేతులు ఆనించే చోట, చెక్క రంగు కొంచెం వెలిసి ఉంది. ఆయన తన మోచెయ్యి అక్కడ ఆనించి చూశాడు. "ఎనిమిది."

"నిజంగా?"

"నిజంగానే. ఎనిమిది."

కప్పు మీద వడ్రంగి చెవి మీంచి పెన్సిల్ తీసి, మూడో పలక పై అంచు ఎక్కడికొచ్చిందో అక్కడ ఊచ మీద గీత గీశాడు. తుప్పు మీద పెన్సిల్ సరిగా పడలేదు. నాలికతో తడిచేసి మళ్ళీ గీశాడు.